బిక్షం ముఖం

“నా కొడుకు మొఖం ఒక్కసారి సూపియ్యి సారూ! సూసి పోత.”

రాంగోపాల్‌పేట్‌లో యెషయా గది గుమ్మానికి అడ్డంగా బైఠాయించింది బుచ్చమ్మ. యెషయా సొంతంగా డాక్యుమెంటరీలు తీసుకునే మనిషి. నెల కిందట మల్కాజ్‌గిరి రైల్వే గేటు దగ్గర పోలీసులను చూసి కుర్రాళ్లంతా పరుగెత్తారు. బుచ్చమ్మ కొడుకు బిక్షం ఒక్కడే యెషయా కెమెరా ముందు ఆగాడు. పోలీసులు వాణ్ణి లారీలో వేసుకుపోయారు. మూడో రోజు శవం దొరికింది. దానికి ముఖం లేదు.

“ఒక్క ఫోటో సుత దిగలే వాడు. నీ డబ్బలనే ఉన్నడు” అంది.

“ఫిల్ము బొంబాయిల కడిగితేనే బొమ్మ కనవడ్తదమ్మా. జెర ఆగు” అన్నాడు యెషయా, నేల చూస్తూ.

అంతలో మెట్ల మీద బూట్ల చప్పుడు. వచ్చింది, ఆనాడు బిక్షాన్ని లారీ ఎక్కించిన నిజాం పోలీసు అధికారి, అమీనే. యూనియన్ సైన్యం దిగి పది రోజులైందో లేదో, కొత్త సర్కారు మనిషైపోయాడు. టోపీ మారింది గానీ మీసం మారలేదు.

“గేటు కాడ తీసిన రీలు ఏదీ?”

“ఇయ్యకు సారూ!” బుచ్చమ్మ యెషయా కాళ్లు పట్టుకుంది. “అండ్ల నా కొడుకున్నడు!”

యెషయా భార్య డోరా అలమరకు అడ్డం నిలబడింది. యెషయా ఆమెను పక్కకు జరిపి, రేకు డబ్బా తీసి అమీన్ చేతిలో పెట్టాడు.

“ఎండ తగిల్తే ఖతం గదా?” అమీన్ డబ్బా తెరిచి, కిటికీ దగ్గర ఫిల్మంతా బయటికి లాగేశాడు. చుట్టలు చుట్టలుగా నేల మీద పడేసి, తాపీగా మెట్లు దిగి వెళ్లిపోయాడు.

“రెండోసారి సంపినవు గదరా నా కొడుకును!” బుచ్చమ్మ మెట్ల వైపు చూసి గుండెలు బాదుకుంది. పాడైపోయిన ఫిల్మునే ఏరి కొంగులో మూట కట్టుకుంది. పసిపిల్లను ఎత్తుకున్నట్టు ఎత్తుకుని వెళ్లిపోయింది.

డోరా ఇక ఆగలేకపోయింది.

“గింత భయమేందండీ! ఆ తల్లికి కొడుకు మొఖం సుత మిగల్చకపోతిరి.”

యెషయా కెమెరా తీసి కీ తిప్పాడు. గిర్రుమని చప్పుడు చేసింది. లోపల ఏమీ లేకపోయినా దాని చప్పుడు అంతే.

“అది వాడని కొత్త రీలు డోరా. ‘నన్ను తియ్యి సారూ’ అని బిక్షం ఆగిన దినం, దీంట్ల రీలే లేదు.”