అరవై మూడు మెట్లు

తమ్ముడూ, నీ నడుము నొప్పి తగ్గిందా? మీ పెద్దాడి భుజానికి కట్టు విప్పారా? మీ అల్లుడి మోకాళ్లు ఎలా ఉన్నాయి?

కోర్టు చెప్పినా ఏడాదిగా నీ మేనకోడలికి ఉద్యోగం ఇవ్వని ఆఫీసరును నిన్న ధిక్కారం కేసులో జడ్జిగారు నిలబెట్టి కడిగేశారు. సాయంత్రానికల్లా ఆర్డరు చేతికొచ్చింది. పదమూడున చేరకపోతే రద్దట.

సీటు మూడో అంతస్తులో వేశారు. లిఫ్టు లేదు. మెట్లు ఎక్కి లెక్కపెట్టాను, అరవై మూడు.

"నడవలేని పిల్ల, కింద వేయండి నాయనా" అన్నాను.

"రాలేకపోతే మానెయ్యమను. మేం ఇచ్చాం, ఆవిడే చేరలేదని కోర్టుకు రాసేస్తాం పెద్దమ్మా" అని నవ్వాడు గుమాస్తా.

పిల్లను చక్రాల కుర్చీతో సహా మోయాలి. ముందుగా నడుములూ భుజాలూ అడిగింది అందుకే. రోజూ ఎవరు మోస్తారో తరవాత ఏడుద్దాం. పన్నెండో తేదీ సాయంత్రానికి ముగ్గురూ రండి.