ఇస్త్రీపెట్టె కింద మాత్ర

గొంతులో అడ్డం పడిన మాత్రను దర్జీ దగ్గుతూ బయటికి ఉమ్మేశాడు. భార్య వీపు నిమిరింది.

"ఉండండి, దీని పని నేను పడతాను."

ఇంకో మాత్రను కాగితంలో మడిచి, చల్లారిన ఇస్త్రీపెట్టెతో నొక్కి మెత్తగా పొడి చేసింది. తేనెలో రంగరించి చెంచాతో నోట్లో పెట్టింది.

"ఇన్నేళ్ళూ దీంతో నేను మడతల్నే లొంగదీశాను. నువ్వు మాత్రల్నే లొంగదీశావే," అని నవ్వాడాయన.

రోజూ మాత్ర సులువుగా దిగింది. ఎనిమిదో రోజు ఆయన కుట్టుమిషను మీదికి ఒరిగిపోయాడు.

ఆసుపత్రిలో డాక్టరమ్మ మండిపడింది. "ఈ గుండె మాత్ర రోజంతా కొంచెం కొంచెంగా కరగాలి. పొడి చేస్తే మందంతా ఒక్కసారే ఒంట్లోకి పోతుంది. ఎవరు చేశారీ పని?"

భార్య నోరు తెరిచేలోగా ఆయన గొణిగాడు. "నేనే నమిలేశానమ్మా."

సాయంత్రానికి ఆయన పోయాడు. చేజేతులా చేసుకున్నాడని చుట్టాలు అంటున్నా, పొడి చేసింది తానేనని భార్య చెప్పలేదు.

వారం తర్వాత మందుల షాపతను పలకరించడానికి వచ్చాడు.

"నేను ఇంకాస్త గట్టిగా చెప్పాల్సింది పిన్నిగారూ. కళ్ళు తిరుగుతున్నాయని వచ్చి, మాత్ర పొడి చేసి వేసుకుంటున్నానన్నప్పుడే చెప్పాను, పొడి చేస్తే ప్రమాదం, మానేయండి అని. బాబాయిగారు వినలేదు. 'మాత్ర దిగుతోందని మా ఆవిడ మురిసిపోతోంది. ఇప్పుడు వద్దంటే చిన్నబుచ్చుకుంటుంది. ఈ అట్ట ఒక్కటీ అయిపోనీ' అన్నారు."

ఆవిడ ఇస్త్రీపెట్టె వైపు చూసింది. దాని పక్కనే ఉన్న అట్టలో ఇంకొక్క మాత్రే మిగిలి ఉంది.