ఫోనెత్తే సారు

“మీ అబ్బాయికి ఆడవాళ్ల వార్డులో నర్సు ఉద్యోగం ఎలా ఇచ్చారమ్మా?”

“అబ్బాయి కాదు సార్, అమ్మాయి. పుట్టిన సర్టిఫికెట్‌లో తప్పు పడింది. అది దిద్దమనే మొత్తుకుంటున్నా.”

“కంప్యూటర్లో మగ అనే ఉంది మరి. దిద్దడం మా పని కాదు. ఈ నంబరు రాసుకోండి.”

టైలరమ్మ కత్తిరించి పెట్టిన గుడ్డ మీదే సుద్దముక్కతో నంబరు రాసుకుంది. అది ఏడో నంబరు. పదకొండు రోజులుగా ఆమె కుట్టుమిషను తొక్కినదానికంటే ఫోను నొక్కిందే ఎక్కువ. ఒక ఆఫీసు వాళ్లు ఇంకో ఆఫీసుకు, వాళ్లు మళ్లీ మొదటి ఆఫీసుకు బంతిలా కొట్టారు. మధ్యలో సంగీతమొకటి. ‘మీ కాల్ మాకెంతో విలువైనది’ అని చిలకపలుకులు పలికే ఆ గొంతు ఎదురుగా దొరికితే టైలరమ్మ ఏం చేసేదో చెప్పలేం. చేతిలో కత్తెర కూడా ఉంది.

ఇరవై రెండేళ్ల కూతురు నిలువెత్తున ఎదురుగా ఉంటే, అది ఆడపిల్లేనని కాగితం తేవాలట. ముంజేతి కంకణానికి అద్దం కావాలన్నట్టుంది వ్యవహారం. నవ్వుకోవచ్చు గానీ, శుక్రవారం సాయంత్రం ఐదులోగా సరిచేసిన పత్రం ఇవ్వకపోతే ఆ ఉద్యోగం జాబితాలో తర్వాతి అమ్మాయికి పోతుంది. ఇవాళ మంగళవారం.

“ఇక వదిలెయ్యమ్మా. నీతోపాటు నేనూ మిషను తొక్కుతాను” అంది కూతురు.

“నోర్ముయ్. ఈ ఇంట్లో ఒక నడుం విరిగింది చాలు.”

కసిరిందే గానీ తల్లికి కళ్లు నిండాయి. నాలుగేళ్లు ఒళ్లు హూనం చేసుకుని చదివిన పిల్ల. నోటిదాకా వచ్చిన ముద్ద జారిపోతోంది.

ఏడో నంబరు మోగి మోగి ఆగిపోయింది. మళ్లీ చేసింది. మళ్లీ మళ్లీ చేసింది. పందొమ్మిదోసారి ఎవరో ఎత్తారు.

“హలో, చెప్పండమ్మా.”

ముసలి గొంతు, నిదానంగా ఉంది. టైలరమ్మకు ప్రాణం లేచి వచ్చింది. కథంతా ఒక్క గుక్కలో చెప్పేసింది. అవతలి మనిషి అడ్డు రాలేదు, విసుక్కోలేదు. పదకొండు రోజుల్లో ఆమె మాట చివరిదాకా విన్నది ఆయనొక్కడే.

“రాసుకోండి. ఫారం తెల్లది కాదు, పసుపుది. పిల్ల బడి సర్టిఫికెట్, ఆసుపత్రి చీటీ, రెండేసి నకళ్లు. అడక్కపోయినా మూడోది కూడా పెట్టుకోండి, అది లేదనే తిప్పి పంపుతారు. సంతకం నీలం సిరాతో చేయండి. నల్ల సిరా అయితే మళ్లీ రమ్మంటారు. రెండేళ్లుగా చూస్తున్నానమ్మా, ఈ పెద్దాఫీసరు తిప్పి పంపని మనిషి లేడు.”

పైవాళ్లంటే మంట ఉన్న ఉద్యోగి కాబోలు అనుకుంది టైలరమ్మ. “ప్రతి ఆఫీసులో మీలాంటివారు ఒక్కరుంటే చాలు సార్.”

“సార్ అనకండమ్మా. కాస్త ఉండండి, ఎవర్నో పిలుస్తున్నారు.” రిసీవరు బల్ల మీద పెట్టిన చప్పుడైంది. కాసేపటికి మళ్లీ వచ్చాడు. “నన్ను కాదులెండి. ఏమంటున్నారు?”

“సంతకం ఎప్పుడవుతుంది సార్?”

“పెద్దాఫీసరు గురువారం ఒక్కరోజే జనాన్ని చూస్తాడు. అదీ పది మందినే. ఆ పది టోకెన్ల కోసం నెలల తరబడి పడిగాపులు కాసేవాళ్లున్నారు. ఈ వారానివి నిన్ననే అయిపోయాయి. మళ్లీ వచ్చే వారమే.”

టైలరమ్మ గోడ పట్టుకుంది. “వచ్చే వారానికి నా పిల్ల బతుకు తెల్లారిపోతుంది సార్! మీ కాళ్లు పట్టుకుంటా, ఏదో ఒకటి చేయండి. నేను ఆడపిల్లనే కన్నాను సార్... ఆడపిల్లనే...”

అవతల మాట లేదు. పెట్టేశాడేమోనని భయపడి ఫోను చెవికి అదుముకుంది. ఊపిరి వినిపిస్తూనే ఉంది.

“టోకెను మీద పేరుండదమ్మా, నంబరే ఉంటుంది” అన్నాడు ఆయన చివరికి. “గురువారం పదింటికి రండి. గేటు దగ్గర కాపలా అతని చేతిలో ఒకటి పెట్టి ఉంచుతాను.”

గురువారం తొలి బస్సుకే బయల్దేరారు తల్లీకూతుళ్లు. టోకెను ఉంటుందో ఉండదోనని దారంతా ఆమెకు అదే బెంగ. కాపలా అతను ఆమెను ఎగాదిగా చూసి, “మిషను కుట్టే అమ్మవా?” అని జేబులోంచి నాలుగో నంబరు టోకెను తీసిచ్చాడు.

పెద్దాఫీసరు కాగితాలు అటూ ఇటూ తిరగేశాడు. మూడో నకలు ఏదన్నాడు. ఉంది. సంతకం వెలుతురులో పెట్టి చూశాడు. నీలమే. వంక దొరక్క మొహం ముడుచుకుని సంతకం గీకాడు. ఇరవై రెండేళ్లు కొడుకుగా ఉన్న పిల్ల పావుగంటలో కూతురైపోయింది.

పత్రాన్ని గుండెకు హత్తుకుని బయటికొచ్చింది టైలరమ్మ. కూతురు ఏడుస్తూ నవ్వుతోంది. ఆ మహానుభావుడికి దండం పెట్టకుండా ఎలా వెళ్లడం? అంచు కుట్టి తెచ్చిన చేతిరుమాలు సంచిలోంచి తీసి పట్టుకుంది.

అంతలో వరండా చివర ఫోను మోగింది. గుమస్తాలెవరూ తలెత్తలేదు. చంకలో పాత ఫైలుతో ఒక పెద్దాయన నెమ్మదిగా వెళ్లి రిసీవరెత్తాడు.

“హలో, చెప్పండమ్మా.”

అదే గొంతు. టైలరమ్మ కాపలా అతని చెయ్యి పట్టుకుని ఊపేసింది. “ఆ సారే! ఆయన సీటు ఎక్కడ, అన్నా?”

“సీటెక్కడిదమ్మా, ఆయనా నీలాగే కాగితం కోసం తిరుగుతున్నవాడే. ఇందాక నువ్వు లోపలికెళ్లింది ఆయన టోకెను మీదే.”