పిడికెడు తవుడు

1944 జనవరి పదిహేడు, సోమవారం, ఉదయం ఆరు గంటల నలభై నిమిషాలు. గాలి లేదు. మట్టెవాడను కమ్మిన పొగమంచులో ఎదుటి ఇంటి అరుగు కూడా కనిపించడం లేదు.

ఆ మంచులోంచి ఎవరో "పెంటయ్యా" అని పిలిచారు. ఇద్దరు పలికారు.

ఒకరు తోరణాల పెంటయ్య, ఇరవై మగ్గాల సావుకారి. రెండోవాడు గంజి పెంటయ్య, ఆ మగ్గాల్లో ఒకదాని మీద కూలికి నేసేవాడు. పిలిచినది హసన్‌పర్తి నుంచి వచ్చిన సంఘం పెద్ద లింగమూర్తి. ఆయన నేరుగా నేతగాడి ఎదుటికి నడిచి, వంగి దండం పెట్టాడు.

"అయ్యో, సావుకారి గాయన," అన్నాడు నేతగాడు.

"ఏమనుకోకు సావుకారీ. గా పెద్ద నుదురు జూసి నువ్వే అనుకున్న," అన్నాడు లింగమూర్తి.

తరువాత జరిగినదానికంతటికీ ఆ దండమే కారణం.

లింగమూర్తి తెచ్చింది మంచి కబురు. ఆదివారం సభలో సావుకారిని పద్మశాలి సంఘానికి అధ్యక్షుడిగా ప్రకటిస్తారు. "గని, అధ్యక్షులు పెంటయ్యగారు అని సభల చదివితే జర ఎట్లనో ఉంటది," అని నసిగాడు. "బయటి ఊర్లోళ్లు గూడ వస్తాండ్రు."

ఆ పేరు ఊరికే పెట్టేది కాదు. పుట్టిన పిల్లలు వరుసగా చనిపోయే ఇంట్లో మళ్లీ బిడ్డ పుడితే, తల్లి ముఖమైనా చూడకముందే నాయనమ్మ ఆ బిడ్డను చాటలో వేసి, గుడ్డ కప్పి, పెంటకుప్ప మీద వదిలి వచ్చేది. మంత్రసాని ఏరుకునేది. నాయనమ్మ పరాయిదానిలా తిరిగివచ్చి, పిడికెడు తవుడిచ్చి కొనుక్కునేది. పారేసిన వస్తువును మృత్యువు ముట్టదని నమ్మకం. అలా బతికినవాడు పెంటయ్య. మట్టెవాడలో పసివాళ్లు నిలవని ఇళ్లు చాలా ఉండేవి కనుక పెంటయ్యలకూ కొరత లేదు. ఈ ఇద్దరిదీ ఒకే వాడ, ఒకే ఈడు. ఇద్దరినీ ఏరుకున్న మంత్రసాని మొగిలమ్మే.

సావుకారి తన పేరును ఎంతగా అసహ్యించుకునేవాడో ఇంటిపేరును అంతగా ప్రేమించేవాడు. హనుమకొండ నుంచి ఒక పండితుణ్ణి రప్పించాడు. పండితుడు అరుగు మీద కూర్చుని పదిమంది ఎదుట తేల్చేశాడు: కాకతీయుల కోటలో రాతి తోరణాలకు కావలి కాసిన దండనాయకుల వంశం ఇది. నిదర్శనంగా గోడమీది పటంలో సావుకారి తండ్రిని చూపించాడు. "ఆ ఫాలభాగం చూడండి. తోరణం మీది అడ్డదూలంలా లేదూ!"

అందరూ పటాన్ని చూశారు. తరువాత మర్యాద కోసం సావుకారిని చూశారు. ఆయన నుదురు రెండు వేళ్ల వెడల్పు కూడా లేదు.

పొరుగింటి పెద్దులు గొంతు సవరించుకున్నాడు. "మా తాత వేరే చెప్పేటోడు. పెండ్లిండ్లకు మామిడాకులు కట్టెటోళ్లు గనుక తోరణాలోళ్లు అయిండ్రట."

"అదీ దండనాయకుల పనే," అన్నాడు పండితుడు.

"మరి మా గంజి సంగతేంది, పంతులూ?" అని నేతగాడు అడిగాడు.

"నూలుకు గంజి వెట్టినోళ్లు గంజోళ్లు. దానికి పంతులెందుకు?" అన్నాడు సావుకారి.

పండితుడు ఆయనకు విజయరుద్రయ్య అని కొత్త పేరు నిర్ణయించాడు. సావుకారి భార్య అనసూర్య లోలోపల సంతోషించింది. మగని పేరు నోట పలకకూడదు కనుక ఆమె ఇన్నేళ్లూ నేతగాణ్ణి కూడా "ఓ గంజాయనా" అనే పిలవవలసి వచ్చింది. అయినా ఒక అడ్డు చెప్పింది. "మొగిలవ్వను అడగకుంట గా పేరు తీసేస్తే పానానికి మంచిది గాదు."

సావుకారి బస్తా తవుడు మోయించుకుని మొగిలమ్మ గుడిసెకు వెళ్లాడు.

"అవ్వా, పిడికెడుకు బస్తా ఇస్తాన్న. నువ్విచ్చిన పేరు నువ్వే వాపసు తీస్కో."

"పేరు వాపసు తీస్కుంటే పిల్లగాణ్ణి గూడ వాపసు తీస్కోవాలె గద, కొడుకా."

"నలభై ఏండ్లోణ్ణి. నన్ను తీస్కొని నువ్వేం జేస్తవే?"

మొగిలమ్మ నవ్వలేదు. "అమ్మింది అమ్మినట్టే. గా పేరు జోలికి పోకు బిడ్డా. నీకున్నదే గది."

ముసలితనం వల్ల మతి తప్పిందనుకుని సావుకారి వెనుదిరిగాడు. బస్తా కూడా వెనక్కి తెచ్చుకున్నాడు. కొత్త పేరు ఎలాగూ పెట్టుకున్నాడు. అయితే ఒక ఇబ్బంది మిగిలింది. మగ్గాల సాలలో ఎవరు "పెంటయ్యా" అన్నా, అలవాటు కొద్దీ విజయరుద్రయ్య పలికేవాడు.

శనివారం ఆయన నేతగాణ్ణి పిలిచాడు. "నువ్వు పరకాలకు పో. ఆడ నేసుకొని బతుకు."

నేతగాడు చేతులు జోడించాడు. "పుట్టి పెరిగిన వాడ. మగ్గం తప్ప నాకేమున్నది సావుకారీ? ఫికర్ జెయ్యకు, పేరు నేనే మార్చుకుంట. ఏమని పిలిస్తే గా పేరుకే పలుకుత."

"నుదురు గూడ మార్చుకుంటవా? ఎవలొచ్చినా ముందుగాల నీకే దండం పెడ్తాండ్రు."

ఆ సాయంత్రమే గంజి పెంటయ్య భార్య యాదవ్వతో, రెండు మూటలతో పరకాల బండి ఎక్కాడు. మరునాడు సభలో తోరణాల విజయరుద్రయ్య వంశాన్ని లింగమూర్తి గంటసేపు పొగిడాడు. వెనుక గోడకు ఆయన తండ్రి పటం తగిలించారు.

పదేళ్ల తరువాత, చావుకు ముందు మొగిలమ్మ తనను చూడవచ్చిన యాదవ్వతో చెప్పిన ప్రకారం, పెంటయ్యలిద్దరూ పుట్టిన రోజున, అలాంటిదే ఒక మంచు పొద్దున, ఆ పెంటకుప్ప మీద రెండు చాటలు ఉన్నాయి; ఆమె గుడ్డలు ఎత్తి చూడకుండా గంజివారి బిడ్డను తోరణాల నాయనమ్మకూ, తోరణాల బిడ్డను గంజి నాయనమ్మకూ అమ్మింది.