ఎడమ మడమ, లోపల వస్తువు లేదు

పొద్దుటి నుంచీ ఆమె ఒక్క ఫైలు దగ్గరే ఆగిపోయింది. గంటకు పన్నెండు ఫైళ్లు తేల్చాల్సిన చోట ఇది మామూలు నేరం కాదు.

ఆసుపత్రుల కాగితాలు చదివి, జబ్బులకీ దెబ్బలకీ కోడ్లు వేసే ఆఫీసు అది. పేర్లు కొట్టేసి పంపుతారు. మనిషెవరో తెలియదు, తెలియాల్సిన పనీ లేదు.

ఈ పేషెంటు కుట్టుమిషను సూది తొక్కింది. ఎడమ మడమలో దిగింది. ‘శుభ్రం చేశాం, లోపల ఏమీ లేదు’ అని రాసి ఇంటికి పంపేశాడు డాక్టరు. తర్వాత రెండుసార్లు కుంటుకుంటూ వచ్చి, లోపల ఇంకా ఏదో గుచ్చుతోందని మొత్తుకుంటే, ‘అతిగా భయపడే మనిషి’ అని ఇంకో ముక్క చేర్చాడు మహానుభావుడు. ఏడో వారానికి చీము పైకి పాకి, పాదం తీసేయాల్సి వచ్చింది. పుండును అశ్రద్ధ చేసింది పేషెంటేనట!

మూడో పేజీలో మొదటి రోజు ఎక్స్‌రే రిపోర్టుంది. మడమలో తొమ్మిది మిల్లీమీటర్ల లోహపు ముక్క. డాక్టరు డ్యూటీ దిగాక వచ్చిందది. మళ్లీ ఎవరూ తిప్పి చూసిన పాపాన పోలేదు.

పేషెంటు ఫిర్యాదు చేసింది కాబట్టి, కోడు మరోసారి సరిచూసి పంపమంది ఆసుపత్రి. ‘లోపల వస్తువు ఉంది’ అన్న కోడు పడితే డాక్టరు మీద విచారణ. ‘లేదు’ అన్న కోడు పడితే ఫైలు మూత.

టీమ్ లీడ్ వచ్చి వెనక నిలబడ్డాడు. అందరూ చాటుగా ‘గడియారం’ అని పిలుచుకునే మనిషి.

“ఎక్స్‌రేతో మనకేం పని? డాక్టరు రాసిందే కోడు. ఆ మాత్రం తెలీదా?”

“తెలుసండి. అనుమానం ఉంటే డాక్టరుకి ఒక ప్రశ్న పంపొచ్చుగా. రూల్లో ఉంది.”

అతను ఆమె ముఖంలోకి తేరిపార చూశాడు. “మీ చుట్టాలా? అయినవాళ్ల ఫైలు ముట్టుకుంటే ఉద్యోగం ఊడుతుంది, గుర్తుందా?”

“మా చుట్టాలెవరూ కాదండి.”

పక్క సీటు అమ్మాయి ఆమె మోచేయి గిల్లింది. “ఎవరి సూదో నువ్వెందుకక్కా నెత్తికెత్తుకుంటావు?” అంది నవ్వుతూ. ఆమె కీబోర్డు దగ్గరికి లాక్కుంది.

ప్రశ్న రాసింది. డాక్టరు నోట్లో జవాబు పెట్టినట్టు ఉండకూడదని ‘సూది’ అన్న మాట కొట్టేశాడు గడియారం. ఆయన మనసు నొచ్చుకుంటుందని ‘ఎక్స్‌రే చూశారా’ కూడా కొట్టేశాడు. చివరికి మిగిలింది ఇదీ: ‘దయచేసి మూడో పేజీ చూడగలరు. గాయంలో వస్తువు: ఉంది, లేదు, చెప్పలేను.’

పంపి, తెర కేసే చూస్తూ కూర్చుంది. భోజనానికి లేవలేదు. ఒక్కసారి ఆ పేజీ తిప్పితే చాలు, ఇంకేమీ అక్కర్లేదు అనుకుంది.

నాలుగింటికి జవాబొచ్చింది. డాక్టరు ప్రశ్న తెరిచిన పదకొండో సెకనులో ‘లేదు’ దగ్గర టిక్కు పెట్టాడు. మూడో పేజీ తెరవనే లేదని కంప్యూటరే చూపిస్తోంది.

“అయిపోయిందిగా, పంపేయండి” అన్నాడు గడియారం.

ఆమె కీబోర్డు మీంచి చేతులు తీసేసింది. పంపనని మొండికేస్తే? ఇంకొకరు పంపుతారు, అదీ మూడో నిమిషంలో. తన చేత్తోనే కోడు కొట్టింది: గుచ్చుకున్న గాయం, ఎడమ పాదం, లోపల వస్తువు లేదు. ఫైలు వెళ్లిపోయింది. వెంటనే ఇంకొకటి వచ్చి నిలబడింది.

సాయంత్రం గదికి చేరి, తలుపు గడియ పెట్టి, మంచం మీద కూర్చుని ఆమె ఎడమ కాలి బూటు లాగితే, బూటుతో పాటే పాదమూ ఊడి వచ్చింది.