ఆఖరి చరణంలో పేరు

1953లో శ్రీరామనవమి కచేరీకని సిద్ధం చేసిన కొత్త కీర్తన పాడి వినిపించి, సదాశివ తంబురా ఇంకా కింద పెట్టనేలేదు. సభ కార్యదర్శి, నయాపూల్ బట్టల సేఠ్, సాహిత్యం కాగితం అందుకున్నాడు.

"పంతులూ, భూమి దున్నేటోనిదే అని కట్టిన్రు, మంచిది. జైలుకు పోయొచ్చినోళ్ళు, గట్లనే కడ్తరు. గానీ ఆఖరి చరణంల కట్టినోళ్ళ ముద్ర ఉండాలె గదా! మీ పేరు పెట్టక ఈ 'వెట్టి మైసయ్య' ఏంది?"

"కట్టింది వాడే. జైల్ల గోడవతల పాడుతుంటే విని నేను స్వరాలు రాసుకున్న. అంతే."

"ఎవనికి తెలుస్తది? తరాల సంది గుళ్ళె పాడే ఖాందాన్ మీది. మన సభల అంటరానోని పేరు వినవడితే పెద్దోళ్ళు లేసిపోతరు. మార్చుర్రి."

"పోనియ్యి సేఠ్! అందరూ పోనీ! ఆ పేరు తీస్తే నేను నోరు తెరువ!"

ఆ అరుపుకు తంబురా తీగలు జుమ్మన్నాయి. సేఠ్ జంకాడు.

"నా మీద గింత కోపమెందుకు? ఇప్పుడేడున్నడు వాడు?"

"జ్వరమొచ్చి ఆ గోడవతలి జైలుగదిలనే సచ్చిపోయిండు. ఒక్కడే. నోట్లె నీళ్ళు పోసే దిక్కు లేక."

"అయ్యో! ఒకటే గదిల ఉంటే మీరన్న పోస్తుంటిరి."

సదాశివ కాగితం లాక్కున్నాడు.

"మొదలు ఇద్దరిదీ ఒకటే గది సేఠ్. మైలపడతనని దర్ఖాస్తు పెట్టి, వాణ్ణి గోడవతలికి పంపించింది నేనే."