వంటింట్లో సీతాఫలం చెట్టు

గ్యాసు వదిలి నగరాన్ని చంపిన కంపెనీయే, ఏడేళ్లకు అక్కడ మొలిచిన అడవి గాలిని దేశదేశాలకు అమ్ముకుంటోంది. సిగ్గులేదు. చెట్టున్న ఇల్లు అడవి కిందే లెక్క, అంటే కంపెనీదే. ఊరొదిలి పోయినవాళ్లకు ఇల్లు దక్కాలంటే ఈ ఒక్కరోజే వెళ్లి చెట్టు నరుక్కోవాలట.

నూకరత్నం వంటింట్లో సీతాఫలం చెట్టు కప్పును తాకుతోంది. ఆమె కత్తి ఎత్తి ఆగిపోయింది.

"కానియ్ అప్పా, పొద్దోతంది!" పక్కింటి పైడమ్మ కసిరింది.

"గ్యాసొచ్చిన పొద్దున, పేనం పోయేముందు, నా కూతురు చిట్టి ఈ మూలే కూకుని పండు తిన్నాది. గింజలు ఇక్కడే ఉమ్మేస్తే తిట్టాను కూడానే."

"మరి ఇల్లు ఆ సచ్చినోళ్లకి ఇచ్చేస్తావేటి?"

నూకరత్నం కత్తిమొనతో చెట్టు మొదట్లో గచ్చు పెళ్లగించసాగింది, దాని వేళ్లకు చోటు చాలడం లేదని.